ఎర్రనీరు వెళ్ళని ఏడాది

ఆ ఏడు ఎర్రనీరు మా ఊరు వదిలి వెళ్ళలేదు.

రావడం మాత్రం ఎప్పటిలాగే వచ్చింది. మా అత్త తెల్లవారుతుండగా రేవు మెట్లు దిగి, గాజు సీసాతో నీళ్ళు ముంచుకొచ్చి, కిటికీ గట్టు మీద వరసగా పేర్చిన ఆరు రంగు అద్దాల్లో మూడోదాని పక్కన పెట్టింది. ఒక కన్ను మూసి చూసింది. రెండోది మూసి చూసింది. "దిగాడమ్మా ఎర్రోడు" అని గొణుక్కుని, బొడ్లోంచి కొయ్యసుత్తి తీసి గంట కొట్టింది. ఆ చప్పుడు వినగానే మా ఆయన కంబళి మడిచి భుజాన వేసుకున్నాడు. "నల్లనీరు రాగానే వచ్చేస్తా" అన్నాడు. గనికి వెళ్ళే మగవాళ్ళంతా ఆ ఉదయం తమ తమ గుమ్మాల్లో అదే మాట చెప్పి కొండెక్కారు.

మాకు నెలలు లేవు, నీళ్ళే ఉన్నాయి. పాలనీరు, పసుపునీరు, ఎర్రనీరు, నల్లనీరు, ఆకునీరు, నీలినీరు. ఆరూ దాటితే ఏడాది. పైన కొండల్లో ఏ మంచు కరిగి ఏ మన్ను మోసుకొస్తుందో చూసొచ్చినవాడు లేడు. నది రంగు మారితే కాలం మారినట్టు. పిల్ల ఎప్పుడు పుట్టిందంటే "నీలినీరు పలచబడుతుండగా" అంటాం. అప్పు తీర్చేవాడూ, పెళ్ళికి ముహూర్తం అడిగేవాడూ, విత్తనం నానబెట్టేవాడూ అందరూ ఆ నీటికేసి చూడాల్సిందే. అయితే ఎవరికి వారు తొంగిచూసి నాకు పసుపు, నాకు ఎరుపు అంటే కొట్టుకు చస్తారు గనక, రేవుకొక మనిషి ఉంటుంది. మా రేవుకి మా అత్త. ఊరంతా ఆమెని గంటత్త అనేవాళ్ళు. గంటచావడి వెనక రెండు గదులే మా ఇల్లు.

ఇంకో మాట కూడా చెప్పాలి. పై ఊళ్ళ రంగు కింది ఊళ్ళకి చేరడానికి కొన్నాళ్ళు పడుతుంది. పైవాళ్ళు పసుపునీట్లో ఉంటే మేమింకా పాలనీట్లోనే ఉంటాం. ఏ రేవు కాలం ఆ రేవుదే, పక్క రేవు లెక్క ఇక్కడ చెల్లదు. నేను పైరేవు పిల్లని. పెళ్ళయ్యాక పసుపునీట్లో పడవెక్కాను, మా నాన్న తెడ్లు వేసిన ఊపుకి నీటికంటే ముందు దిగి, ఇక్కడ పాలనీట్లో కాలు పెట్టాను. మా అత్త నాలుగేళ్ళు సాగదీసింది ఆ సంగతి. "వయసు తగ్గించుకోడానికి మావాణ్ణి చేసుకుందర్రా" అనేది ఇంటికొచ్చిన ప్రతివాళ్ళతో. నేనూ ఊరుకునేదాన్ని కాదు. "మీ ఊరు వెనకబడిందని ముందే చెప్తే రాకపోయేదాన్నిగా" అనేదాన్ని. ఇద్దరం అలా ఒకరినొకరు గిచ్చుకుంటూ బాగానే బతికాం. ఒక్క గంట దగ్గరికి మాత్రం నన్ను రానిచ్చేది కాదు. "పైరేవు కళ్ళకి మా నీళ్ళు కనపడవు" అనేది. ఆ మాటలో వేళాకోళం ఉండేది కాదు.

ఎర్రనీరంటే ఎండాకాలం. కొండరాయి కాగి, దెబ్బకి చీలుతుంది. నల్లనీటితో పాటే వానలొస్తాయి, గుంటలు నిండుతాయి, గని మూసేస్తారు. అందుకే కూలి ఒప్పందం కూడా గంటనుంచి గంటదాకా, మొత్తానికి ఒకే కూలి. ఎర్రనీటి గంటకి ఎక్కి, నల్లనీటి గంటకి దిగాలి. మధ్యలో దిగినవాడికి కొండ మీద మళ్ళీ పని లేదు. ఉన్న కాస్త పొలం ఏడాది పొడుగునా తిండి పెట్టదు, కొండ మీద తప్ప మా ఊళ్ళో మగవాడికి ఇంకెక్కడా కూలి లేదు.

ఆ ఏడు వాన ముందొచ్చింది. కాదు, నీరు వెనకబడింది. ఏది సరైన మాటో మాకు అప్పట్లో తెలియదు. మధ్యాహ్నం చావడి కప్పు మీద చినుకులు టపటపమంటుంటే మా అత్త సీసా పట్టుకుని పరుగున దిగింది. తిరిగొచ్చి మూడో అద్దం పక్కన పెట్టింది. నాలుగోదాని పక్కన పెట్టింది. మళ్ళీ మూడోదాని దగ్గరికే జరిపింది.

"ఇంకా ఎరుపేనా అత్తయ్యా?"

"నీకు కనపడట్లేదూ?"

"పైరేవు కళ్ళు కదా నావి."

నవ్వలేదు. అప్పుడు కొంచెం భయం వేసింది నాకు.

తర్వాత రోజూ అదే తంతు. వాన పడుతోంది, నీరు ఎర్రగానే ఉంది. ఇటుకపొడి కలిపినట్టు, అడుగు కనపడకుండా, చిక్కగా, నింపాదిగా పోతోంది. పైనుంచి పడవలు కూడా రావడం లేదు. ఎండల ముందు గనివాళ్ళు పై మలుపులో రాళ్ళు కడుక్కోడానికని నదికి అడ్డంగా కట్ట వేయించారు. మా ఆయన కూడా మోశాడు ఆ రాళ్ళు. పడవలకి దారి వదులుతామన్నారు, వదల్లేదు. మా పుట్టింటి కబురు నాకు అందక ఒక కాలం నిండిపోయింది.

నేను రొట్టెలు మూటకట్టుకుని కొండెక్కాను. గేటు దగ్గరికి రానిస్తారు, లోపలికి రానివ్వరు. మా ఆయన గుంటలోంచి పైకొచ్చాడు. మోకాళ్ళదాకా బురద, తల మీద గోనెసంచి.

"ఏంటే, వానలో పడి వచ్చావు?"

"నువ్వేం పందిట్లో కూచున్నావా? లోపల ఎలా ఉంది?"

"చల్లగా ఉంది" అన్నాడు నవ్వుతూ. ఎప్పుడూ అంతే, ఇల్లు కాలుతున్నా వెచ్చగా ఉందనే రకం. నేను ఆయన భుజం మీదుగా చూశాను. గుంట గోడలు చెమ్మగా మెరుస్తున్నాయి. పైనుంచి మట్టి చిన్న చిన్న పాయలుగా జారుతోంది. కింద మనుషులు మోకాలి లోతు బురదలో వంగి సుత్తులు వేస్తున్నారు.

"ఇలాంటప్పుడు గనిలో ఉండకూడదని నీకు తెలీదా?"

"తెలుసు. గంట మోగలేదుగా."

"మీ అమ్మకి చెప్పనా?"

రొట్టె తుంచుతున్న చేయి ఆగింది. "అమ్మనేం అనకు" అన్నాడు. "అమ్మ కొట్టాల్సినప్పుడు కొడుతుంది."

నేను దిగొచ్చేసరికి మా చావడి అరుగు మీద గని గుమాస్తా కూచుని ఉన్నాడు. రాతిపొడి పీల్చి పీల్చి ఎప్పుడూ తుమ్ముతుంటాడు, తుమ్ముల గుమాస్తా అంటాం. ఆ రోజు చేతిలో గొడుగు, ముఖంలో ఎక్కడలేని మర్యాద.

"గంటత్తగారూ, తొందరేం లేదండి. నీరు ఎప్పుడు మారితే అప్పుడే. మా యజమానిగారు కూడా అదే అన్నారు. ఆవిడ మాటంటే మాటే అన్నారు. ఈ చావడి కప్పు కారుతోందని విని బాధపడ్డారు. కొత్త కప్పు... హాఛ్... వేయిద్దామన్నారు."

"దేనికి?"

"అభిమానం కొద్దీనండి."

"కారితే గిన్నె పెట్టుకుంటాను" అంది మా అత్త. "నీ అభిమానం తడిసిపోతుంది, గొడుగు తెరుచుకుని వెళ్ళు."

అతను వీధి మలుపు తిరిగేదాకా ఆగి నేను అన్నాను. "వాడికి ఈ ఎరుపు బాగా నచ్చినట్టుందత్తయ్యా."

"నచ్చదా మరి? కట్టిన కూలికి రెండింతల రాయి."

"అయితే కొట్టెయ్యొచ్చుగా గంట?"

ఆమె నా వైపు తిరిగింది. గంటత్త కోపం వస్తే అరుస్తుంది, ఊరందరికీ తెలుసు. ఆ రోజు అరవలేదు. "ఎర్రగా ఉన్నదాన్ని నల్లగా ఉందనమంటావా?" అని లోపలికి వెళ్ళిపోయింది.

ఆ మర్నాడు ఆడవాళ్ళంతా కలిసొచ్చారు. ముందు కుండల వదిన. మా వీధి చివర కుమ్మరిసారె ఆమెది. మొగుడు కొండ మీద, సారె ఈమె చేతిలో. నోరు పెద్దది, మనసు అంతకంటే పెద్దది. తడి బట్టలతో చావడి నిండా నిలబడ్డారు.

"అత్తా, నీ మీద మాకేం కోపం లేదు" అంది కుండల వదిన. "ఒక్క దెబ్బ కొట్టు. మా వాళ్ళు దిగొచ్చేస్తారు. ఆనక నీరు ఏ రంగైనా కానీ."

"నీ కుండ పచ్చిగా ఉంటే కాలిందని అమ్ముతావుటే?"

"మొగుడు గుంటలో ఉంటే అమ్ముతానత్తా."

మా అత్త పీట మీద కూచుని, సుత్తి ఒళ్ళో పెట్టుకుని, అందరి ముఖాలూ చూసింది.

"మీరు అడగడంలో తప్పు లేదు. నా కొడుకూ అక్కడే ఉన్నాడు. కానీ నేనివాళ మీకోసం ఒక్క అబద్ధపు దెబ్బ కొడితే, రేపు ఆ గుమాస్తా వచ్చి తనకోసం ఒకటి కొట్టమంటాడు. ఎర్రనీరు రాకుండానే వచ్చిందని కొట్టమంటాడు. కొట్టనంటే కొట్టేవాళ్ళని తెచ్చుకుంటాడు. ఇప్పుడు వాడికి ఆ ధైర్యం లేదు. ఎందుకు లేదో ఆలోచించండి."

"ఆలోచించే ఓపిక లేదత్తా" అంది వెనకనుంచి ఎవరో.

వెళ్ళేటప్పుడు ఒక్కరూ ఆమెకి చెప్పి వెళ్ళలేదు. ఆ సాయంత్రంనుంచి మా గుమ్మంలోకి పాలమనిషి కూడా రాలేదు. నేను బావి దగ్గరికి వెళ్తే మాటలు ఆగిపోయేవి. నాకూ లోపల కుతకుతలాడుతూనే ఉంది. మా అత్త చెప్పినదాంట్లో తప్పు పట్టలేను, చెమ్మగా మెరిసే ఆ గోడలు మర్చిపోలేను. అన్నం పెట్టేటప్పుడు గిన్నెలు కొంచెం గట్టిగానే పెట్టాను. ఆమె పెట్టింది తింది.

తర్వాత కొన్నాళ్ళకి, మిట్టమధ్యాహ్నం, కొండ మీద పెద్ద చప్పుడైంది. ఉరుమనుకున్నాం. ఉరుమైతే ఆగాక దుమ్ము లేవదు. వానలో కూడా దుమ్ము లేచింది.

ఊరంతా వీధిలోకి వచ్చింది. చాలాసేపటికి నలుగురు మనుషులు తలుపుచెక్క మీద ఒకణ్ణి మోసుకొచ్చారు. నేను ముందు మోసేవాళ్ళ ముఖాలు చూశాను. వాళ్ళలో మా ఆయన ఉన్నాడు. అప్పుడు గానీ ఊపిరి అందలేదు. తర్వాత చెక్క మీదున్న మనిషిని చూశాను. కుండల వదిన మొగుడు. మోకాలి కింద కాలు ఉండాల్సిన తీరులో లేదు.

కుండల వదిన ఏడవలేదు. చేతులకున్న బంకమన్ను కొంగుకి తుడుచుకుని, చెక్క పక్కనే నడిచింది. మా గుమ్మం ముందు మాత్రం ఒక్క క్షణం ఆగి, లోపలికి చూసింది. మా అత్త అక్కడే నిలబడి ఉంది.

దించగానే మా ఆయన, మిగతా ముగ్గురూ మళ్ళీ కొండ వైపు తిరిగారు. "ఎక్కడికి?" అన్నాను చేయి పట్టుకుని.

"గోడ ఇంకో వైపు బాగానే ఉంది" అన్నాడు. ఈసారి నవ్వలేకపోయాడు. "గంట మోగకుండా ఆగితే వచ్చే ఏడు తినేదేంటే?"

మర్నాడు తెల్లవారుతుండగా మెలకువ వచ్చి చూస్తే, మా అత్త రేవుకి వెళ్ళలేదు. గుమ్మంలో కూచుని చెప్పుల వారు బిగించుకుంటోంది. పక్కన గాజు సీసా, గుడ్డలో చుట్టిన అద్దాలు.

"లేచావా? రెండు రొట్టెలు కట్టు. మీ పుట్టింటికి దారి చూపించు."

నాలుగేళ్ళలో ఆమె మా పుట్టింటి గడప తొక్కలేదు. వియ్యాలవారిని కబురంపి తనింటికి పిలిపించుకోవాలే గానీ తనంతట తాను వెళ్ళకూడదని పట్టుదల. నేను మారుమాట్లాడకుండా రొట్టెలు కట్టాను.

ఒడ్డంట నడిచాం. వాన సన్నగా పడుతూనే ఉంది. ముసలామె ఆయాసపడుతుందేమోనని నేను నెమ్మదిగా నడిస్తే, "నీ కాళ్ళకేమైంది?" అని ముందుకెళ్ళిపోయింది. కట్ట దగ్గరికొచ్చేసరికి ఇద్దరం ఆగాం. అంతకుముందు ఆ కట్టని మేమిద్దరం చూసింది లేదు. మా ఇంటి మగవాడు మోసిన రాళ్ళే. వెనక నీరు చెరువులా నిలిచి ఉంది. కట్ట అడుగున ఒక తూము. ఎండాకాలమంతా దిగిన ఎర్రమన్ను అడుగున పేరుకుపోయి, ఆ తూములోంచి కడుక్కుని కడుక్కుని అదే వస్తోంది. పైన ఏ రంగు దిగినా ఆ మన్నులో కలిసి ఎర్రగానే బయటికొస్తుంది.

మా అత్త చాలాసేపు ఆ తూముని చూసింది.

"నేను ముంచుతున్నది నదిని కాదన్నమాట" అంది చివరికి. "వీళ్ళు కడిగి పారబోసిన నీళ్ళని."

పొద్దువాలకముందే మా పైరేవు చేరాం. పైరేవంటే ఊరేమీ కాదు, పడవవాళ్ళ ఇళ్ళు కొన్ని. గంట లేదు. గుమ్మంలోనే నది ఉంటే గంట దేనికి? మా నాన్న పనిలేక, బోర్లించిన పడవ మీద కూచుని, అప్పటికే బాగున్న పడవకి నీరు దూరకుండా కీలు పూస్తున్నాడు. మమ్మల్ని చూసి చేతిలో కుంచె వదిలేశాడు.

"వదినగారూ! మీరే! కబురంపితే నేనే..."

"అన్నయ్యగారూ, మర్యాదలు ఆనక చేద్దురు గానీ, ముందు నన్ను నీళ్ళ దగ్గరికి పోనివ్వండి."

చీకటి పడకముందే చూడాలని ఆమె ఆత్రం. మెట్లు లేవక్కడ, రాళ్ళే. నేను చేయందించబోతే పట్టుకోలేదు. వంగి సీసా ముంచింది. గుడ్డ విప్పి నాలుగో అద్దం తీసి పక్కన పట్టింది. ఒక కన్ను మూసింది. రెండోది మూసింది. నాకైతే చూడగానే తెలిసింది, చిన్నప్పుడు ఈదిన నీళ్ళే. కాటుక కడిగినట్టున్నాయి.

"నల్లనిదే" అంది మా అత్త. "వచ్చి చాలా రోజులైంది. సగం కాలం గడిచింది కూడా."

మా నాన్న అక్కడే నిలబడి ఉన్నాడు. "వానతో పాటే వచ్చింది వదినగారూ. మీకింకా రాలేదా?" అన్నాడు అమాయకంగా.

ఆ రాత్రికి మా అమ్మ కాచిన పాలు తాగి పడుకున్నాం. మర్నాడు పొద్దున్నే నేను ప్రయాణానికి సిద్ధమై పిలిస్తే, మా అత్త కదల్లేదు. అరుగు మీద కూచుని సీసా కడుగుతోంది.

"రండి అత్తయ్యా. ఇక కొట్టొచ్చు కదా."

"నేను కొట్టకూడదు" అంది. "నా రేవులో నల్లనీరు నేను చూడలేదు. నా రేవులో చూడనిదానికి గంట కొట్టనని మా మామగారికి మాటిచ్చి సుత్తి పుచ్చుకున్నాను. ఇది నా రేవు కాదు. నీ రేవు."

నాకు అర్థమై కూడా అర్థం కానట్టు నిలబడ్డాను. ఆమె బొడ్లోంచి సుత్తి తీసి అరుగు మీద పెట్టింది. నా చేతికివ్వలేదు, నా పక్కన పెట్టింది.

"పైరేవు కళ్ళు అన్నారుగా" అన్నాను.

"ఇప్పుడు కావలసింది అవే. మన రేవు నీళ్ళు ఇక నది నీళ్ళు కావు. కట్ట ఉన్నంతకాలం అక్కడ కూచుని ముంచి లాభం లేదు. ముంచేవాళ్ళు ఇక్కడుండాలి, కొట్టేవాళ్ళు అక్కడుండాలి. నేను అబద్ధమాడకుండా ఉండాలన్నా, మన వాళ్ళు బతికి బయటపడాలన్నా ఇదొక్కటే తోవ." మా నాన్న వైపు తిరిగింది. "అన్నయ్యగారూ, మీ ఇంట్లో ఒక ముసలిదానికి చోటుందా?"

"అయ్యో, ఎంత మాట! ఇల్లు మీదే."

"ఇల్లు మీదే అంటే నేను నిజంగానే ఉండిపోయే రకం. మళ్ళీ ఆలోచించుకోండి."

మా అమ్మ అప్పటికే లోపల మంచం వాలుస్తోంది.

ఊరిని తన కాలంలోంచి లేపి పక్క రేవు కాలంలో పడేస్తున్నానని ఆమెకి తెలుసు. తాతలనాటినుంచీ మా రేవు కాలం మా రేవుదే. ఒక్క గంట దెబ్బతో అది చెల్లకుండా పోతుంది. ఆ దెబ్బ తన చేత్తో పడకూడదనుకుందేమో కూడా.

మా నాన్న కట్టదాకా పడవలో దింపాడు. అక్కణ్ణుంచి ఒక చేతిలో మూతకట్టిన నల్లనీటి సీసా, ఇంకో చేతిలో సుత్తి, జారుతూ లేస్తూ నడిచాను. ఊళ్ళోకి వచ్చేసరికి మధ్యాహ్నం దాటింది. ఎవరితోనూ మాట్లాడకుండా చావడిలోకి వెళ్ళి, సీసా అందరికీ కనపడేట్టు కిటికీలో, నాలుగో అద్దం ఉండాల్సిన చోట పెట్టి, గంట ముందు నిలబడ్డాను. నాలుగేళ్ళు పక్కగదిలో పడుకుని విన్నానే గానీ ఎప్పుడూ ముట్టుకోలేదు. చల్లగా ఉంది. కొట్టాను.

మొదటి దెబ్బ సగం పక్కకి పోయింది. రెండోది బాగానే తగిలింది. తర్వాత లెక్కపెట్టలేదు.

చేయి నొప్పెట్టి ఆగేసరికి వీధి నిండిపోయింది. అందరికంటే ముందు తుమ్ముల గుమాస్తా, గొడుగు కూడా మరిచి పరిగెత్తుకొచ్చాడు.

"ఎవరు కొట్టమన్నారు? ఏం చూసి కొట్టావు?"

"కిటికీలో ఉంది, చూడండి."

చూశాడు. "ఇది మన రేవు నీరు కాదు."

"మన రేవులో మీ తూము నీరే ఉందండి. నది ఇది."

"పక్క రేవు లెక్క ఇక్కడ చెల్లదు. అసలు గంటత్తగారేరి? ఆవిడ కొట్టకుండా..."

"ఒప్పందంలో గంట మోగాలని ఉంది" అన్నాను. "ఎవరు కొట్టాలో ఉందా? ఉంటే చెప్పండి, సుత్తి మీకే ఇస్తా."

అతను నోరు తెరిచాడు. తుమ్మొచ్చింది. ఒకటి కాదు, వరసగా. అతను తేరుకునేలోగా కుండల వదిన జనంలోంచి ముందుకొచ్చి కిటికీలో సీసా ముందు నిలబడింది. చాలాసేపు చూసింది. "నలుపే" అంది గట్టిగా, వెనక ఉన్న అందరికీ వినపడేట్టు. "నేను కళ్ళారా చూస్తున్నా. నలుపే." అది చాలింది. ఊరిలో అందరికంటే ఎక్కువ నష్టపోయిన మనిషి అన్న మాట అది.

కొండమీంచి మనుషులు దిగడం అప్పటికే మొదలైంది. వానలో వరసగా, భుజాన కంబళ్ళతో, ఒకరి వెనక ఒకరు. యజమాని గేటు మూయించబోయాడట గానీ, మూయాల్సినవాళ్ళు కూడా కంబళ్ళు మడుచుకుంటున్నారట.

మా ఆయన చావడి మెట్ల మీద బురద కాళ్ళతోనే కూలబడ్డాడు.

"అది అమ్మ కొట్టిన గంట కాదు" అన్నాడు. "అమ్మ దెబ్బకీ దెబ్బకీ మధ్య ఊపిరి తీసుకుంటుంది. ఇదెవరో కుక్కని తోలుతున్నట్టు కొట్టారు."

"మరి తెలిసి ఎందుకు దిగావు?"

"దిగమని కొట్టినట్టే ఉంది." చుట్టూ చూశాడు. "అమ్మేది?"

"మా పుట్టింటికి వెళ్ళింది."

నా ముఖం చూశాడు. వేళాకోళం కాదని తెలుసుకోడానికి కాసేపు పట్టింది. తర్వాత నవ్వడం మొదలుపెట్టాడు. నవ్వుతూ నవ్వుతూ ముఖం చేతుల్లో దాచుకున్నాడు. నేను పక్కన కూచుని ఆయన వీపు మీద చేయి వేశాను. గోనెసంచి కింద మనిషి వణుకుతున్నాడు.

ఊరికి కొత్త కాలం అలవాటవడానికి కొంత గొడవైంది. ఒక్క గంటతో అందరి వయసూ కొన్నాళ్ళు ముందుకు దూకింది. కొందరి పుట్టినరోజులు ఆ సందులో పడి మాయమయ్యాయి. చెప్పులు కుట్టే తాత నన్ను చూసినప్పుడల్లా, "నా రోజు ఎక్కడ దాచావే?" అని అడిగేవాడు. కుండల వదిన మొగుడి కాలు కట్టుకట్టాక వంకరగా అతుక్కుంది. అతను ఇక కొండెక్కలేడు. సారె దగ్గర మన్ను తొక్కుతున్నాడు, ఒక కాలితో తొక్కినా రెండు కాళ్ళవాళ్ళకంటే బాగా తొక్కుతున్నాడని ఆమె అంటుంది. కట్ట అలాగే ఉంది. మా అత్త మా నాన్న ఇంట్లోనే ఉంది. ఆమె వచ్చాక తనకి తెడ్డు వేయడం కూడా సరిగా రాదని తెలిసిందని మా నాన్న చెప్పి వాపోయాడు.

నల్లనీటి చివర్లో వానలు తగ్గుముఖం పట్టాయి. ఆకునీరు వస్తే విత్తనం నానబెట్టాలి. ముందు నానబెడితే మొలక కుళ్ళుతుంది, ఆలస్యమైతే పంట చిన్నబోతుంది. అందుకే ఆ కొన్ని రోజులూ ఊరంతా చావడి చుట్టూనే తిరుగుతుంది. ఒక ఉదయం మా నాన్న మూతకట్టిన సీసాతో వచ్చాడు. ఆయన వీధి తిరిగేసరికే జనం వెంటపడ్డారు. గని మూసేశాక ఇంట్లో తిని కూచున్నవాళ్ళంతా పొలాల్లోకి దూకడానికి తయారుగా ఉన్నారు. మా ఆయన కూడా గంపతో నిలబడ్డాడు.

"ఆకునీరమ్మాయ్" అన్నాడు మా నాన్న. "మీ అత్త పంపింది. కొట్టెయ్."

సీసా తీసుకుని, దాంతో పాటే మా అత్త పంపిన అయిదో అద్దం పక్కన పెట్టాను. ఒక కన్ను మూశాను. రెండోది మూశాను. పచ్చదనం ఉంది. పైపైన ఉంది. సీసా అడుగున ఇంకా పొగలాంటి నలుపు మెలికలు తిరుగుతోంది. కదిపితే పైకి లేచింది.

"ఏంటే ఆలస్యం?" అన్నాడు మా ఆయన.

"కాలేదు" అన్నాను.

"కాలేదంటే?"

"ఇంకా ఆకునీరు కాలేదు. నానబెట్టకండి."

చావడి అంతా గోల. పంపింది గంటత్తే కదా, ఆమెకంటే నీకు తెలుసా అన్నారు. నీ పెత్తనం మొదలైందే అన్నారు. కుండల వదిన కూడా అనుమానంగా చూసింది. నేను సీసాలో నీళ్ళు పారబోసి, కడిగి, మూతకట్టి మా నాన్న చేతికిచ్చాను.

"మళ్ళీ ముంచమను నాన్నా."

జనం గొణుక్కుంటూ ఒక్కొక్కరే వెళ్ళిపోయారు. మా ఆయన గంప దించి, అరుగు మీద కూచుని ఆకాశం చూశాడు. అందరూ వెళ్ళేదాకా మా నాన్న కదల్లేదు. అప్పుడు తలపాగా తీసి దులుపుకుంటూ అన్నాడు.

"కాలేదని ఆవిడకీ తెలుసమ్మా. నువ్వు గంట కొట్టావంటే ఆ సుత్తి లాక్కుని రమ్మంది."